ఆ బిట్టులో మనిషి

నా సినిమా పోస్టరు నా చేతే చదివించింది నా కూతురు.

ఫిబ్రవరిలో ఒక శనివారం పొద్దున. అమెరికాలో, షాంటిలీలో మా ఇంటి వంటగదిలో దోసెలు పోస్తున్నాను. నైనిక లాప్‌టాప్ తెచ్చి స్టవ్ పక్కన గట్టు మీద పెట్టి, "అమ్మా, ఇది రీడ్ చేసి చెప్పవా? నాకు ఒత్తులు కన్‌ఫ్యూజింగ్‌గా ఉన్నాయి" అంది. తెలుగు అక్షరాలు దానికి వచ్చు. ఆదివారం బడికి ఏళ్ళ తరబడి తిప్పి నేర్పించాను. ఒత్తులు మాత్రం ఈనాటికీ పడవు.

అట్లకాడ చేతిలో పట్టుకునే వంగి చూశాను. పసుపూ ఎరుపూ కలిసిన పాత పోస్టరు. మడత పడ్డచోట కాగితం తెల్లబడింది. ఒక ఆడమనిషి తడి జుట్టుతో వెనక్కి తిరిగి చూస్తోంది. మొహానికి అరంగుళం మందాన పౌడరు, పెదాలకి దొండపండు రంగు. కన్నతల్లి కూడా గుర్తుపట్టదు, ఇక కడుపున పుట్టింది ఏం గుర్తుపడుతుంది?

"చదువమ్మా."

"తొలకరి తాపం," అని చదివాను. "చంద్రిమ నటించిన. పెద్దలకు మాత్రమే. ఉదయం ఆట."

ఎవరి ఇంటి కరెంటు బిల్లో చదివినట్టు చదివాను. దోసె మాడింది, అంతే.

"చంద్రిమ. నైస్ నేమ్," అంది నైనిక. "ఈవిడ గురించి ఎక్కడా ఏమీ లేదమ్మా. త్రీ ఫిల్మ్స్ చేసి మాయమైపోయింది."

మాయమైపోయిన మనిషి పెనం గీకి ఇంకో దోసె పోసింది.

నా అసలు పేరు దమయంతి. చంద్రిమ అన్నది మద్రాసులో ఒక ప్రొడక్షన్ మేనేజరు పెట్టిన పేరు. పెళ్ళికి ముందు నేను మద్రాసులో డాన్సు నేర్పేదాన్నని నైనికకి తెలుసు. అదీ అబద్ధం కాదు. సినిమాల సంగతి మా ఆయనకీ నాకూ తప్ప ఈ దేశంలో ఎవరికీ తెలియదు.

నైనిక ఇక్కడే పుట్టింది. వాషింగ్టన్ దగ్గర యూనివర్సిటీలో సినిమాల మీద పీహెచ్‌డీ చేస్తోంది. సినిమాలంటే మంచి సినిమాలు కావు. డెబ్బైల్లో టర్కీలో ఇంటింటికీ టీవీలొచ్చి, సంసారులు హాళ్ళకి రావడం మానేస్తే, సీట్లు నింపుకోవడానికి చవగ్గా తీసిపారేసిన పెద్దల సినిమాలు. కొన్నేళ్ళు ఊళ్ళకి ఊళ్ళు ఊపేసి, సైన్యం గద్దెనెక్కాక టక్కున ఆగిపోయాయట. వాటిలో ఒక హీరోయిన్ మీద దీని పరిశోధన. ఆవిడ పేరు నూర్తెన్. చివరి చాప్టర్లో మన దక్షిణాది సినిమాలతో పోలిక పెడతానని బయల్దేరింది. లోకంలో ఇంతమంది ఉండగా పోలికకి దానికి దొరికింది చంద్రిమ.

"వీళ్ళని అందరూ విక్టిమ్స్ అంటారమ్మా. నేను అలా రాయను," అంది ఆ పూట, దోసె తుంచుకుంటూ. "ఆ ఫుల్ న్యూడ్ సీన్ చూడు. షి ఓన్స్ ఇట్. తన బాడీ, తన డెసిషన్. నూర్తెన్‌దీ అంతే, చంద్రిమదీ అంతే. నా మొత్తం ఆర్గ్యుమెంట్ ఆ రెండు సీన్ల మీదే ఉంది."

నేను చట్నీ వేశాను. ఏమనాలి? చంద్రిమ అలాంటి సీను చెయ్యలేదే, అని ఏ హోదాలో అనాలి?

బిట్టు అంటే ఏమిటో తెలియనివాళ్ళుంటారు కాబట్టి చెబుతున్నాను. మా సినిమాలు సెన్సారై హాలుకి వచ్చాక, నడుమ ఎక్కడో ఒక చోట వేరే రీలు ముక్క కోసి అతికించేవాళ్ళు. దాన్నే బిట్టు అనేవాళ్ళు. ఆ బిట్టులో గది వేరు, మంచం వేరు, మనిషి వేరు. తల కనబడదు, మెడ కింద నుంచే మొదలు. దానికి ముందు నా మొహం, తర్వాత ఎవరిదో ఒళ్ళు, ఆ వెంటనే మళ్ళీ నా మొహం. చీకట్లో గుడ్లప్పగించి కూర్చున్నవాడికి అదంతా ఒక్కతే.

నేను చేసింది నేను చేశాను. బావి దగ్గర తడిసిన లంగాతో స్నానం చేశాను. మెడదాకా దుప్పటి కప్పుకుని కళ్ళు మూసుకున్నాను. పన్నెండో ఏట నాకు ఏలూరు ఆసుపత్రిలో అపెండిసైటిస్ ఆపరేషన్ అయింది. పొట్ట మీద కుడివైపు జానెడు కుట్ల మచ్చ. అది కెమెరాలో అసహ్యంగా కనిపిస్తుందని డైరెక్టరు లంగాని గుండెల మీదికి కట్టించాడు, పొట్ట బయటపడకుండా. ఆ మచ్చే నన్ను కాపాడిందని తర్వాత అనుకున్నాను. ఏం కాపాడింది, నా మొహం.

మా ఆయన దివాకర్ నాకు మేనత్త కొడుకు. చిన్నప్పటినుంచీ అనుకున్న సంబంధం. అమెరికాలో ఉద్యోగం వచ్చాక, పెళ్ళి కోసం సెలవు మీద వచ్చి, విజయవాడలో స్నేహితులతో ఉదయం ఆటకి వెళ్ళాడు. తెర మీద నేను. తర్వాత బిట్టు. అయినా నన్నే చేసుకున్నాడు. కాపురానికి వచ్చిన మొదటి వారంలో, భోజనం చేసి చెయ్యి కడుక్కుంటూ చెప్పాడు. "ఆ సినిమా నేను చూశాను దమయంతీ. క్షమించేశాను. ఇంక మనిద్దరి మధ్య ఆ మాట రాకూడదు."

"అది నేను కాదు బావా," అన్నాను.

"క్షమించానన్నాను కదా," అన్నాడు.

అంతే. తిట్టే మనిషితో పోట్లాడొచ్చు. కొట్టే మనిషి మీద కేసు పెట్టొచ్చు. క్షమించిన మనిషిని ఏం చెయ్యాలో నాకు ఎవరూ చెప్పలేదు. బావ మంచివాడు. ఇన్నేళ్ళలో ఒక్క మాట తూలలేదు. ఎవరైనా ఇంటికొచ్చి పాత సినిమాల ఊసెత్తితే, ఆయనే మాట మార్చి నన్ను తప్పించేవాడు. అంత మంచితనం కింద బతికీ బతికీ నాలో ఏదో మొద్దుబారిపోయింది. ఆకలి కూడా గడియారం చూసి తెలుసుకుంటాను. ఒంటిగంట అయితే తింటాను, అంతే.

ఆ శనివారం నైనిక స్నానానికి వెళ్ళినప్పుడు లాప్‌టాప్ గట్టు మీదే ఉంది. ఎవరో పాత సీడీ నుంచి ఇంటర్నెట్‌లో పెట్టిన ముక్క, ఆపిన చోట ఆగి ఉంది. నేను ఆ బిట్టు అంతవరకూ చూడలేదు. బావ చూశాడు, ఆంధ్రదేశంలో సగం మంది మగాళ్ళు చూశారు, నేను చూడలేదు. నొక్కాను.

సన్నటి పిల్ల. పొట్ట నున్నగా ఉంది. చేతికి రెండు ఎర్ర గాజులు. పక్కకి తిరుగుతున్నప్పుడు ఒక్క క్షణం చెయ్యి మొహానికి అడ్డం పెట్టుకోబోయింది, అక్కడే కోసేశారు. నాకు ఏడుపు రాలేదు, కోపమూ రాలేదు. ఎవరి పిల్లో పాపం అనుకున్నాను. నన్ను క్షమించినట్టు ఆ పిల్లని ఎవరైనా క్షమించారో లేదో. ఆపిన చోటే మళ్ళీ ఆపి, పెట్టినట్టే పెట్టేశాను.

తర్వాత అంట్లు తోముతుంటే తెలిసొచ్చింది. ఈ పరిశోధన పుస్తకమవుతుంది. అందులో, ఆ పొట్ట చంద్రిమది, తన ఇష్టంతో చూపించింది, అని అచ్చులో ఉంటుంది. లోకం ఏమనుకున్నా నాకు చీమ కుట్టినట్టయినా ఉండదు. లోకం అనుకోవాల్సింది ఎప్పుడో అనుకుంది. కానీ ఈసారి రాసేది నా కూతురు. కాదని చెప్పాలంటే నేనెవరో చెప్పాలి. చెప్పినా నమ్మకపోతే? బావ నమ్మలేదుగా.

మార్చి చివర్లో నూర్తెన్ ఇంటర్వ్యూకి ఒప్పుకుంది. ఆవిడ ఉండేది న్యూజెర్సీలో, క్లిఫ్టన్‌లో. నైనికతో వెళ్ళాల్సిన స్నేహితురాలికి జ్వరం.

"నువ్వు రా అమ్మా. అంత డ్రైవ్ ఒక్కదాన్నే చెయ్యలేను. ఐసెలిన్‌లో ఆగుదాం, మన ఇండియన్ షాప్స్ అన్నీ అక్కడే, నీకు కావల్సినవి కొనుక్కో," అంది.

నాకు ఐసెలిన్‌లో కొనాల్సినవేమీ లేవు. అయినా బయల్దేరాను. నాలాంటి ఇంకో మనిషిని ఒక్కసారి కళ్ళతో చూడాలనిపించింది. పెద్దావిడ ఇంటికి ఉత్తచేతులతో ఎలా వెళ్తామని అక్కడ ఓక్ ట్రీ రోడ్డులో ఆగి అరకేజీ మైసూర్‌పాక్ కట్టించాను. నైనిక కారులోనే కూర్చుని ప్రశ్నలు మళ్ళీ మళ్ళీ చదువుకుంది.

నూర్తెన్ ఉండేది ముసలివాళ్ళకిచ్చే అపార్ట్‌మెంటు. మూడో అంతస్తులో ఒక్కటే గది. తలుపు తీసిన మనిషికి డెబ్బై అయిదేళ్ళుంటాయి. తెల్లజుట్టు పొట్టిగా కత్తిరించుకుని, ఊదారంగు స్వెట్టరూ కిందికంటా స్కర్టూ వేసుకుంది. నడుం నిటారుగా ఉంది. లోపలికి రాగానే మమ్మల్ని చేతులు చాపమని, సీసాలోంచి నిమ్మకాయ వాసన వేసే సెంటు అరచేతుల్లో పోసింది. అది వాళ్ళ మర్యాదట, వచ్చినవాళ్ళకి మనం కాళ్ళకి నీళ్ళిచ్చినట్టు. నడుం దగ్గర సన్నగా నొక్కినట్టుండే చిన్న గాజుగ్లాసుల్లో టీ ఇచ్చింది. మైసూర్‌పాక్ ఒక ముక్క కొరికి, "చాలా తీపి," అని ఇంకో ముక్క తీసుకుంది.

అమెరికాకి వచ్చి నలభై ఏళ్ళట. బట్టలు సరిచేసే కొట్టులో పని చేసిందట. ముక్కలు ముక్కలుగా ఇంగ్లీషు మాట్లాడుతుంది. నైనిక టర్కిష్ నేర్చుకుంది కానీ, ఆవిడ ఇంగ్లీషే నయమనుకుని అందులోనే అడిగింది. ఎన్ని సినిమాలు, ఎవరు తీశారు, ఎందుకు మానేశారు. ఆవిడ అన్నిటికీ ఒకే గొంతుతో జవాబు చెప్పింది. బస్సు టైములు చెప్పినట్టు. ఒక్కచోటా నవ్వలేదు, ఒక్కచోటా ఆగలేదు.

అప్పుడు నైనిక లాప్‌టాప్ తిప్పి ఆ సీను చూపించింది. "ఈ సీన్ గురించి చెప్పండి. ఇది చెయ్యాలని మీరే డిసైడ్ చేసుకున్నారా?"

నూర్తెన్ కళ్ళద్దాలు పెట్టుకుని చివరిదాకా చూసింది. "ఇది నేను కాదు," అంది.

నైనిక పెన్ను ఆపింది. "అంటే, అప్పటి మీరు ఇప్పుడు లేరని మీ ఉద్దేశమా?"

"కాదు. ఇది నేను కాదు. ఇంకో ఆడది. తర్వాత అతికించారు. మా దగ్గర ముక్క అనేవాళ్ళు. హాల్లో మగాళ్ళు అరిచేవాళ్ళు, ముక్క వెయ్యి, ముక్క వెయ్యి అని."

నా చేతిలో గ్లాసు కాలుతోంది. కింద పెట్టాలని తోచలేదు.

"ఐ అండర్‌స్టాండ్," అంది నైనిక మెల్లగా. దానికి ఏమీ అర్థం కాలేదని నాకు తెలుస్తోంది. "కానీ ఫేస్ మీదేగా?"

"ఫేస్ నాదే."

ఆ మాట అని నూర్తెన్ లేచి నిలబడింది. స్కర్టు అంచు రెండు చేతులతో పట్టుకుని ఎడమ తొడదాకా ఎత్తింది. వైద్యుడికి చూపించినట్టు, సిగ్గూ లేదు, తొందరా లేదు. ముడతలు పడిన తొడ మీద, మోకాలి పైనుంచి తుంటి వరకూ, చర్మం అట్టకట్టి మెరుస్తోంది. పాత కాలిన మచ్చ. "ఆరేళ్ళప్పుడు. మరుగుతున్న టీ నీళ్ళు," అంది. రెండో చేత్తో లాప్‌టాప్ కేసి చూపించింది. తెరమీద ఆగిపోయిన తొడ తెల్లగా, నున్నగా ఉంది.

నైనిక మొహం ఎర్రబడింది. "ప్లీజ్, మీరు అలా చూపించక్కర్లేదు."

"ఎందుకు చూపించక్కర్లేదు? చూపించకపోతే నమ్మరు." స్కర్టు వదిలి కూర్చుంది. "మా అన్నకి చూపించాను. తల తిప్పుకుని, నిన్ను క్షమించాను అన్నాడు. చూడకుండానే క్షమించాడు. పత్రికవాడికి చూపించాను. ఇంకోసారి ఎత్తు, ఫొటో తీసుకుంటా అన్నాడు. ఇప్పుడు నీకు. నువ్వు పుస్తకం రాస్తున్నావుగా. అందులో రాయి. అది నూర్తెన్ కాదు అని రాయి. అందుకే రమ్మన్నాను. మిగతాది నీ ఇష్టం."

నైనిక ఏదో రాసుకుంది. ఫోన్‌లో పార్కింగ్ టైము అయిపోవస్తోందని గంట మోగితే కిందికి పరుగెత్తింది. గదిలో మేమిద్దరమే మిగిలాం. ఆవిడ నా వంక చూసింది.

"నువ్వు నమ్మావా?"

"నమ్మాను."

"ఎందుకు?"

చెబుదామనుకున్నాను. ముక్కూ మొహం తెలియని మనిషి, రేపటినుంచి కనబడదు, ఇంతకంటే మంచి చోటు దొరకదు. అయినా మాట రాలేదు. ఆవిడ సీసా మూత తీసి, నా అరచేతుల్లో మళ్ళీ సెంటు పోసింది. ఇద్దరం చేతులు రుద్దుకుంటూ కూర్చున్నాం.

తిరుగు ప్రయాణంలో డెలావేర్ దాకా నైనిక ఎక్కడా ఆపకుండా నడిపింది. అక్కడ హైవే మీద ఆగే చోటుంది కదా, అందులో కారు ఆపింది. ఇంకా ఎండ ఉంది. రెండు కాఫీలు తెచ్చి నాకొకటి ఇచ్చి, స్టీరింగ్ మీద చెయ్యేసి కూర్చుంది.

"నా చాప్టర్ పోయినట్టేనా అమ్మా?"

"ఎందుకు పోతుంది? ఆవిడ చెప్పింది రాయి."

"అంత సింపుల్ కాదు. వాళ్ళందరూ అలాగే అంటారు. ఇట్స్ కామన్. ఇన్ని ఇయర్స్ షేమ్ మోశాక, డినై చెయ్యడం నాచురల్. నేను జడ్జ్ చెయ్యట్లేదు."

"మచ్చ చూపించింది కదే."

"మేకప్‌తో కవర్ చేసి ఉండొచ్చు. నా పీహెచ్‌డీ కమిటీ అదే అడుగుతుంది." కాఫీ ఒక గుక్క తాగింది. "ఫొటో తీసి ఉండాల్సింది. ఆస్క్ చేస్తే ఒప్పుకునేదేమో."

ఒళ్ళు మండిపోయింది. ఎన్నాళ్ళకి మండిందో నాకే తెలియదు. అలా మండటం ఒకటుందని కూడా మర్చిపోయాను.

"సిగ్గులేకపోతే సరి," అన్నాను. "డెబ్బై ఏళ్ళు దాటిన మనిషి నీ ముందు బట్ట ఎత్తి చూపిస్తే, దానికి ఫొటో కావాలా నీకు? చదువుకున్న చదువు ఇదేనా? ఆ పత్రికవాడికీ నీకూ తేడా ఏమిటే?"

నైనిక నన్ను అలా ఎప్పుడూ చూడలేదు. కప్పు పట్టుకున్న చెయ్యి గాల్లోనే ఆగిపోయింది. "అమ్మా, నేను వాళ్ళ సైడే. వాళ్ళు ఏం చేసినా తప్పు కాదనే రాస్తున్నాను."

"చెయ్యనిదాన్ని చేశావు, పర్లేదులే అంటే, అది ఎవరి సైడు?"

"కానీ తెలిసేదెలా? ఆవిడ మాట తప్ప ప్రూఫ్ లేదు. ఈవిడ కనీసం ఉంది. ఆ చంద్రిమ అయితే—"

"చంద్రిమని నేనే."

నోట్లోంచి వచ్చేసింది. ఇన్నేళ్ళు మోసిన మాట ఇంత తేలిగ్గా వస్తుందనుకోలేదు. ఎదురుగా ఎవరో కుక్కని గడ్డిలో తిప్పుతున్నారు. కుక్క ఒక్కొక్క చెట్టూ వాసన చూస్తోంది.

"వాట్?"

"ఆ పోస్టరు మీద ఉన్నది నేను. తొలకరి తాపం. దాంతో కలిపి మూడు సినిమాలు. బావి దగ్గర తడి లంగాతో ఉన్నది నేనే. మొహం నాదే."

అంతవరకు చెప్పి ఆగిపోయాను. ఆ తర్వాతి మాట రావడంలేదు. నైనిక నా మొహంలోకి చూస్తోంది. పెదాలు, కళ్ళు, చెంపలు, ఒక్కొక్కటీ చూస్తోంది. ఇప్పుడు దాని మొహంలో జాలి వస్తుందని కాచుకుని కూర్చున్నాను. ఇట్స్ ఓకే అమ్మా అంటుంది. నా చెయ్యి పట్టుకుంటుంది. ఐ యామ్ ప్రౌడ్ ఆఫ్ యూ అంటుంది. క్షమించడానికి ఇంగ్లీషులో ఎన్ని మాటలున్నాయో అన్నీ అంటుంది. కాదని నిరూపించాలంటే నేను ఈ కారులో చీర కుచ్చిళ్ళు కిందికి జరిపి చూపించాలి, ఆ ముసలావిడ ఎత్తినట్టు. చెయ్యి కుచ్చిళ్ళ దాకా వెళ్ళింది. వెళ్ళి అక్కడే ఉండిపోయింది.

నైనిక కళ్ళు నా చేతి మీదికి దిగాయి.

"ట్రెయిన్ ట్రాక్," అంది.

చిన్నప్పుడు అది, నేను స్నానం చేసి వచ్చాక నా పక్కన పడుకుని, కుట్ల మచ్చ మీద వేలు పెట్టి చుక్ చుక్ అని నడిపించేది. స్టేషన్ వచ్చింది, దిగండి, అనేది. నేను మర్చిపోయాను.

"ఆ క్లిప్ నేను ఎన్నిసార్లు చూశానో తెలుసా అమ్మా," అంది. "ఫ్రేమ్ బై ఫ్రేమ్ నోట్స్ రాశాను. ఆ అమ్మాయికి ట్రెయిన్ ట్రాక్ లేదు. అది నువ్వు కాదు."

నేను చెప్పాల్సిన మాట అది చెప్పేసింది. చూపించమనలేదు. అడగలేదు. నాకు వెంటనే ఏమీ అనిపించలేదు. చేతిలో కాఫీ వేడిగా ఉందని తెలిసింది. చీర మీద ఏదో తడిగా తగిలితే కాఫీ ఒలికిందనుకున్నాను. ఒలకలేదు. ఏడుస్తున్నది నేనే.

నైనిక టిష్యూలు ఇచ్చింది. "మరి ఆ అమ్మాయి ఎవరు?" అంది.

"తెలీదు. ఎర్ర గాజులు వేసుకుంది. నేను ఒక్కసారే చూశాను."

"నాన్నకి తెలుసా? నీ సినిమాల గురించి?"

"తెలుసు. చూశాడు. బిట్టు కూడా చూశాడు, పెళ్ళికి ముందే."

"అయినా..." అని ఆగింది. "మరి నీ స్కార్?"

నేను అద్దంలోంచి బయటికి చూశాను. కుక్క కారెక్కి కూర్చుంది. ఆ మచ్చ బావకి తెలియనిదేం కాదు. మొదటి రాత్రే, ఇదేమిటని అడిగాడు. చెప్పాను. నైనిక పుట్టినప్పుడు డాక్టరుకి ఆయనే గుర్తుచేశాడు, ఈవిడకి పాత ఆపరేషన్ ఉంది అని.

"నాన్న నన్ను క్షమించాడు," అన్నాను.

"దేనికి?" అంది నైనిక.

ఇంటికి చేరేసరికి పొద్దు వాలుతోంది. బావ గరాజ్ తలుపు తీసి మైసూర్‌పాక్ సంచీ అందుకున్నాడు. ఆయనకని కూడా ఒక పొట్లం కట్టించాను. లోపల టేబుల్ మీద మూడు కంచాలు పెట్టి, పప్పు వేడి చేసి ఉంచాడు. ఆయన మంచివాడని ముందే చెప్పానుగా. నైనిక చెప్పులు విప్పి గోడకానుకుని నిలబడింది, లోపలికి రాలేదు. తండ్రినే చూస్తోంది.

"ఏమ్మా, ఇంటర్వ్యూ బాగా జరిగిందా?" అన్నాడు బావ, గరిటెతో పప్పు కలుపుతూ. "ఏమందట ఆ నటి?"

నైనిక నా వైపు తిరిగింది. ఆ ప్రశ్నకి జవాబు నన్నే చెప్పమన్నట్టు నిలబడింది.

"ఆ బిట్టులో ఉన్నది తను కాదంది," అన్నాను. "ఒంటి మీద మచ్చ ఉందంది. అందరికీ చెప్పిందట. ఒక్కరూ చూడలేదట. చూడకుండానే క్షమించేశారట."

బావ చేతిలో గరిటె ఆగింది. నా మొహంలోకి చూశాడు, తర్వాత నైనిక మొహంలోకి, తర్వాత మెల్లగా నా చీర కుచ్చిళ్ళ దగ్గరికి. అక్కడ చూపు నిలవలేదు, గిన్నెలోకి దించుకున్నాడు. ఏదో అనబోయి నోరు తెరిచాడు. ఆ మాట మా మధ్య రాకూడదని చెప్పినవాడు ఆయనే కాబట్టి, ఎలా మొదలుపెట్టాలో ఆయనకి తెలియలేదు.

నేను గడియారం వైపు చూడలేదు. కుర్చీ లాక్కుని కూర్చుని కంచం ముందుకి జరుపుకున్నాను.

"వడ్డించు బావా," అన్నాను. "ఆకలేస్తోంది."